వెనక గల్లీలో పొడుగు మనిషి

రెండు వేల పందొమ్మిది, ఆషాఢ మాసం. ముసురు పట్టి వదలని రోజులు.

రెజిమెంటల్ బజార్లో మా అమ్మవారి గుడి వెనక ఒక ఇరుకు గల్లీ ఉంది. ఆ ఏడు దానికి చెడ్డ పేరొచ్చింది. చీకటి పడ్డాక అక్కడ పొడుగు మనిషి నిలబడతాడని... గోడంత ఎత్తు, నాలుగు చేతులు. డబుల్ కిరాయి ఇస్తామన్నా ఆటోవాళ్లు ఆ మలుపు తిరిగేవాళ్లు కాదు.

గుడికి అప్పుడు సీలు వేసి ఉంది. పెత్తనం నాదంటే నాదని పాత కమిటీ అధ్యక్షుడు సదాశివ, కొత్త కమిటీ పెట్టిన పర్వతాలు కొట్లాటకు దిగారు. పరాయివాళ్లా అంటే కాదు — సొంత బావ, బామ్మర్ది. వాడి వల్ల నా ప్రాణానికి ముప్పుంది, పోలీసు రక్షణ ఇప్పించండని బావ కోర్టుకెక్కాడు. మర్నాడే బామ్మర్దీ అదే మాట రాసిచ్చాడు. తీర్పు వచ్చేదాకా ఎవరూ లోపలికి పోవద్దని తలుపుకు సీలు పడింది. కాపలాకు ఒక కానిస్టేబుల్ వచ్చాడు. ఇద్దరి ప్రాణాలకూ కలిపి ఒక్కడే!

అతని పేరు యెషయా. ఈ సంగతి చాయ్ తాగుతూ నాకు చెప్పింది అతనే.

గుడి లోపల, వెనక కిటికీ కింది గూట్లో అఖండ దీపం ఉంటుంది. తాతల నాడు వెలిగించింది. ఆరితే బస్తీకి కీడు. సీలు వేసిన రోజు ఆడవాళ్లు దానికోసమే ఏడ్చారు. కానీ దీపం ఆరలేదు. ముందరి జాలీలోంచి చూస్తే రోజూ వెలుగుతూనే ఉంది... మరి నూనె ఎవరు పోస్తున్నట్టు?

"దెయ్యాల్ని నేను నమ్మకపోతుంటి తాతా," అన్నాడు యెషయా. "ఆ రాత్రి దాకా."

ఆ రాత్రి కరెంటు పోయింది. వాన తెరిపిచ్చింది. వెనక గల్లీలో గోడను గీరిన చప్పుడు...

యెషయా లాఠీ పట్టుకుని మెల్లగా నడిచాడు. మలుపు దగ్గర ఆగిపోయాడు.

కిటికీ ముందు — పొడుగు మనిషి.

నేల మీద రెండే కాళ్లు. తల సజ్జకు తగులుతోంది. నడుము దగ్గర రెండు చేతులు, పైన ఇంకో రెండు. పై చెయ్యి ఒకటి సాగి... సాగి... ఊచల మధ్య నుంచి గుడి లోపలికి పోతోంది.

అప్పుడే, ఆ ఆకారం పొట్టలోంచి గుసగుస.

"ఇయ్యాల నీ వంతు..."

"యేసయ్యా!" అని కేకేశాడు యెషయా. చేతిలో టార్చి దానంతటదే వెలిగింది.

పొడుగు మనిషి రెండు ముక్కలై బురదలో పడ్డాడు.

ఒక ముక్క సదాశివ. చేతిలో కర్రకు కట్టిన గరిటె. రెండో ముక్క పర్వతాలు. కాలు పట్టుకుని మూలుగుతున్నాడు.

"నిన్న నేనే మోస్తి. ఇయ్యాల నీ వంతని మొత్తుకుంటనే ఉన్న. వింటివా బావా?"

"నీకు చేతులు వణుకుతయ్ రా. నూనంత గోడకు తాపిస్తవ్!"

యెషయా టార్చిని ఒకరి మీంచి ఇంకొకరి మీదికి తిప్పాడు.

"ఏందిది సార్? ఇప్పుడు నేను ఎవర్ని ఎవరి నుంచి కాపాడాలె?"

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"మా ఇద్దర్ని... మావోళ్ల నుంచి," అన్నాడు సదాశివ, గొంతు తగ్గించి. "కల్శి వచ్చినమని తెలిస్తే రెండు పార్టీలోళ్లూ తంతరు."

లోపల దీపం కొట్టుకుంటోంది. నూనె ఇంకా పడలేదు. యెషయా బూట్లు విప్పాడు. సదాశివ గోడ పట్టుకుని వంగాడు...

తెల్లారేసరికి, సదాశివ మనుషులే కాలు విరగ్గొట్టారని పర్వతాలు మనుషులు కేసు పెట్టారు. అతన్ని ఆసుపత్రికి మోసుకుపోయింది సదాశివేనని ఎవరికీ తెలియదు. జారిపడ్డానని పర్వతాలు ఎంత చెప్పినా, భయపడి అంటున్నాడనుకున్నారు.

దెయ్యం లేదు గియ్యం లేదని యెషయా నవ్వుతాడు. నేను ఒప్పుకోను. పర్వతాలు పిండికట్టుతో మంచంలో ఉన్నన్నాళ్లూ ఆ పొడుగు మనిషి గల్లీలో కనపడుతూనే ఉన్నాడు. నేనే చూశాను. కాకపోతే నడుము పైన ఖాకీ.

దీపం ఆరలేదు. కేసులు తెగక, గుడి సీలు విప్పక, ఆ ఏడు ఆషాఢంలో మా అమ్మవారికి బోనం మాత్రం ఎక్కలేదు.