రెండు చేతులకీ ఒకే ఒర

కూతురు మనోజ్ఞ ఎక్కిన స్కూలు బస్సు మలుపు తిరిగేదాకా గేటు దగ్గర నిలబడి, కమలాదేవి లోపలికొచ్చి కాఫీ కలిపింది. కప్పు పట్టుకుని హాల్లోకి వచ్చేసరికి భర్త ఆనందరావు లుంగీ మీద ప్యాంటు బెల్టు బిగించుకుని కిటికీ నుంచి ఫ్రిజ్ దాకా, ఫ్రిజ్ నుంచి కిటికీ దాకా నడుస్తున్నాడు. నడుముకు ఎడమపక్క నల్లటి సంచి ఒకటి వేలాడుతోంది. రెండడుగులకోసారి ఆగి, ఎడమచేత్తో దాని మూతిమీది పట్టీ తీసి, లోపలి నుంచి పిస్తోలు బయటికి లాగుతున్నాడు.

కమల కప్పు బల్లమీద పెట్టేసింది.

"ఏంటండీ అది?"

"చెక్కదిలే, భయపడకు. అసలు దానంత బరువుండాలని లోపల సీసం పోశారు. ఈ ఒర ఎలా ఉందో చూస్తున్నాను."

"లుంగీ మీదా?"

"ప్యాంటు ఇస్త్రీ అవలేదుగా," అన్నాడు ఆనందరావు, అదేదో మామూలు సంగతైనట్టు.

దోహాలో బ్యాంకుల డబ్బు మోసే వ్యాన్లకు గార్డులను పంపే కంపెనీలో ఆయన స్టోర్స్ ఇన్‌స్పెక్టరు. బూట్ల నుంచి టోపీల దాకా ఆయన చూసి సంతకం పెట్టనిదే ఏదీ కొనరు. గార్డుల నడుములకున్న పాత తోలు ఒరలు చెమటకీ ఎండకీ పెచ్చులూడిపోయాయి. వాటి బదులు ఎనభై కొనాలని ఈ నైలాను ఒర నమూనాకి తెప్పించారు. ఖరీదు తోలుదానిలో మూడో వంతు. బెల్టు దూర్చే మడత రెండు పక్కలా ఉంటుంది. మూతి పట్టీని ఊడదీసి అవతలి పక్కనున్న, నొక్కితే అతుక్కునే వెల్క్రో గుడ్డకి అంటిస్తే చాలు, కుడిచేతివాడికైనా ఎడమచేతివాడికైనా ఒకటే సరిపోతుందని అమ్మేవాళ్ళ మాట.

"కుడిపక్క పెట్టుకుంటే వంక పెట్టడానికి లేదు," అన్నాడాయన కుర్చీలో కూర్చుని. "తేలిగ్గా ఉంది. సబ్బుతో ఉతుక్కోవచ్చు. కూర్చున్నా వంగినా కదల్లేదు. ఎడమపక్కకి మార్చేసరికే ఏమీ పాలుపోవడం లేదు. ఒకసారి చక్కగా వస్తుంది. ఇంకోసారి పట్టీ మొత్తం ఊడి చేతికొస్తుంది. తప్పు దీనిదో, ఎడమచెయ్యి అలవాటులేని నాదో తెలియట్లేదు. మధ్యాహ్నం పన్నెండుకల్లా రిపోర్టు మేనేజరు బల్లమీద ఉండాలి."

"ఎవరు తెచ్చారండీ ఇది?"

ఆయన బెల్టు సర్దుకుని, "మీ జయంత్ వాళ్ళ కంపెనీ," అన్నాడు.

కమల అక్కడే సోఫా చేతిమీద కూర్చుండిపోయింది. జయంత్ ఆమె తమ్ముడు. ఆమెకంటే రెండేళ్ళు చిన్న. ఏడాదిన్నర కిందట ఖతార్ వచ్చి ఒక ట్రేడింగ్ కంపెనీలో సేల్స్‌మన్‌గా చేరాడు. బందరులో భార్య శివకుమారికి కొడుకు పుట్టి పది నెలలైంది. ఆ పిల్లవాణ్ణి జయంత్ ఇంకా ఎత్తుకోలేదు. మొన్న ఫోన్‌లో, "ఒక్క పెద్ద ఆర్డరు పడితే ఫ్యామిలీ వీసా ఇప్పిస్తానన్నాడక్కా మా బాసు," అన్నాడు. ఏ ఆర్డరో చెప్పలేదు. ఇదే అయివుండాలి.

"మరి బాగుందని రాసెయ్యండి."

"అక్కడే నా తల తిరుగుతోంది. బాగుందని రాస్తే బావమరిదని రాశానంటారు. బాలేదని రాస్తే నువ్వు నాతో మాట్లాడవు. పోనీ, నిజంగా బాగుందో లేదో నాకే తెలియకపాయె." ఆయన బెల్టు విప్పుతూ ఆమె వైపు తిరిగాడు. "కమలా, నీది పుర్రచేతి వాటం కదా. ఒక్కసారి నువ్వు పెట్టుకుని చూస్తావా?"

ఆమె ముఖం వేడెక్కింది. పన్నెండేళ్ళ కాపురంలో ఆయన ఆ మాట ఎత్తడం ఇదే మొదలు. చిన్నప్పుడు అన్నం దగ్గర కూర్చోగానే అమ్మ ఆమె ఎడమచేతికి పాత తువ్వాలు చుట్టి ముడి వేసేది. అలా రెండేళ్ళకి రాయడం, తినడం కుడిచేతికి వచ్చేశాయి. ఎవరూ చూడనప్పుడు మాత్రం కత్తిపీట ముందు, కత్తెర పట్టినప్పుడు ఎడమచెయ్యి దానంతటదే ముందుకొస్తుంది.

"మీకెలా తెలుసు?"

"దొండకాయలు తరుగుతుంటే చూడనా?"

ఆయన బెల్టు ఆమెకిచ్చి స్నానానికి వెళ్ళాడు. కమల చీరమీద బెల్టు బిగించుకుని, తలుపు గడియ వేసి, అద్దం ముందు నిలబడింది. నవ్వొచ్చింది. మూడుసార్లు తీసి పెట్టింది, బాగానే వచ్చింది. నాలుగోసారి పట్టీ వెల్క్రో వదిలి పూర్తిగా లేచిపోయింది. చెయ్యి సరిగా పడలేదనుకుని మళ్ళీ అంటించి, జాగ్రత్తగా తీసింది. ఆరోసారి మళ్ళీ ఊడింది. కింద పడ్డ చెప్పు తీద్దామని వంగితే చెక్క పిస్తోలు జారి టైల్సు మీద పడి ఠంగుమంది.

"ఏం పడిందీ?" స్నానాల గదిలోంచి కేక.

"గరిటె," అంది.

ఆయన బయటికొచ్చి, "ఎలా ఉంది?" అని అడిగినప్పుడు ఆమె కళ్ళముందు బందరు నుంచి వచ్చిన ఫోటో ఉంది, కాటుక చుక్కతో బోర్లాపడ్డ పిల్లవాడు. "బాగానే ఉందండీ. మీకు అలవాటు లేక అలా అనిపించింది," అని వచ్చేసింది నోటికి.

ఆనందరావు ముఖం తేటపడింది. బల్ల దగ్గర కూర్చుని గబగబా రిపోర్టు రాసి, సంతకం పెట్టి, కవరులో వేశాడు. "నేను అల్ ఖోర్ సైటుకి వెళ్ళాలి. పదకొండింటికి మన గార్డు ఇస్హాక్ వస్తాడు. కవరూ ఈ సామానూ అతనికిచ్చెయ్యి," అని చెప్పి వెళ్ళిపోయాడు. ఆ తేటపడ్డ ముఖం చూశాక కమలకు సంతోషం కలగాలి. ఎందుకో కలగలేదు. తమ్ముడికి మేలు చేసిందా, భర్తకు కీడు చేసిందా, పప్పు కడుగుతూ ఎంత ఆలోచించినా తెగలేదు.

ఇస్హాక్ చెప్పిన టైముకే వచ్చాడు. రాయచోటి వైపు మనిషి, నలభై ఏళ్ళుంటాయి. మజ్జిగ తాగి, కవరు అందినట్టు పుస్తకంలో సంతకం చేశాడు. ఎడమచేత్తో చేశాడు.

"నీది ఎడమచెయ్యా ఇస్హాక్?" అంది కమల.

అతను సిగ్గుపడి పెన్ను జేబులో పెట్టేసుకున్నాడు. "అవునుమ్మా. పుట్టుకతోనే. మా వ్యాన్లలో ఎనిమిది మందిమి ఉండాం ఇట్లాటోళ్ళం. ఇన్నాళ్ళూ కుడిచేతోళ్ళదే తిప్పి కట్టుకుంటాండాం. ఈసారి మాకూ సరిపోయేది వస్తాదని సార్ చెప్పినాడు."

"ఇబ్బందిగా ఉండేదా?"

"పోయిన నెల బ్యాంకు ముందర పెట్టె ఎత్తను వంగినా. తుపాకి జారి రోడ్డుమీద పడె. జనం అంతా చూస్తాండ్రి. సూపర్‌వైజరు, నీ చెయ్యే సక్రమంగా లేదు పో అని తిట్టినాడు. ఇంకోసారి పడితే ఊరికి పంపిస్తానన్నాడు." అతను కవరును రెండు చేతులతో పట్టుకున్నాడు. "ఇది వస్తే ఆ బాధ మాఫీ అమ్మా."

కమల సామానులోంచి ఒర తీసి అతని ముందు పెట్టింది. "ఇస్హాక్, ఒక్కసారి అది పెట్టుకుని చూడు," అంది.

అతను వరండాలో నిలబడి అలవాటైన చేత్తో కట్టుకున్నాడు, వంగాడు, లేచాడు. రెండోసారి వంగినప్పుడు చెక్క పిస్తోలు అతని బూటు మీద పడింది. మళ్ళీ పెట్టుకున్నాడు. ఈసారి లాగబోతే పట్టీ ఊడి వేళ్ళకు అంటుకుంది. ఇస్హాక్ దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు. "అవతలి పక్క వెల్క్రో పొట్టిగా కుట్టినారమ్మా. సగమే అంటుకుంటాంది. చేతిది కాదు తప్పు."

కమల చెయ్యి చాచింది. "ఆ కవరు ఇలా ఇవ్వు."

"సార్ పన్నెండు లోపల ఇమ్మన్నాడే అమ్మా."

"సార్‌కి నేను చెబుతాను. అందులో ఒక తప్పుంది. తప్పు నాదే."

సాయంత్రం ఐదింటికి ఆనందరావు వచ్చేసరికి ముఖం గంటుపెట్టుకుని ఉన్నాడు. రిపోర్టు ఏదని మేనేజరు అల్ ఖోర్‌కి ఫోన్ చేశాడట. కమల కవరు తెచ్చి ఆయన ముందు పెట్టి, జరిగిందంతా చెప్పింది. ఆయన కవరు అందుకుని తిప్పి చూశాడు.

"నా సంతకం కింద నీ అబద్ధం పెట్టించావా కమలా?"

అప్పుడే తలుపు గంట మోగింది. జయంత్, చేతిలో బక్లావా మిఠాయి డబ్బాతో. నవ్వుతూ లోపలికొచ్చి వాళ్ళ ముఖాలు చూసి ఆగిపోయాడు.

"ఏమైంది బావగారూ?"

"మీ అక్కనడుగు."

కమల చెప్పింది. వింటున్నకొద్దీ జయంత్ ముఖంలో రంగు మారింది. డబ్బా బల్లమీద పెట్టాడు.

"ఎనభై మందిలో ఎనిమిది మంది, అక్కా. ఆ ఎనిమిది మంది కోసం మొత్తం పోగొట్టావా? నోరు మూసుకుని ఊరుకుంటే ఏం పోయేది నీకు? నా కొడుక్కి పళ్ళొచ్చాయి. ఫోటోలో చూశాను. నడక కూడా ఫోటోలోనే చూడాలా?"

"నేను నీకోసమే అబద్ధం చెప్పానురా."

"చెప్పినదాని మీద ఉండొచ్చుగా మరి."

"ఉందామనే అనుకున్నాను," అంది కమల. "పొద్దున ఆ పట్టీ ఊడినప్పుడు నా చెయ్యే తప్పనుకున్నాను. చిన్నప్పటినుంచీ అలాగే అనుకుంటున్నాను కదా. నీకు గుర్తుందా, అమ్మ నా చేతికి తువ్వాలు చుట్టి కూర్చోపెట్టేది. ఆ ఇస్హాక్‌కీ అదే చెప్పారట నడిరోడ్డు మీద, నీ చెయ్యే బాగాలేదని. ఉద్యోగం పోయేంత మాట. కుట్టినవాడి పొరపాటుకి అతన్ని ఇంటికి పంపిస్తే, ఆ కాగితం మీద మీ బావ సంతకం, దాని వెనక నేను. తప్పో ఒప్పో నాకింకా తెలియట్లేదు జయంతూ. నీ పిల్లాడి మొహం గుర్తొస్తే చేసింది తప్పే అనిపిస్తోంది. కానీ ఆ కవరు ఇచ్చి పంపలేకపోయాను."

జయంత్ సోఫాలో కూలబడ్డాడు. "గుర్తుంది," అన్నాడు. "నువ్వు ముడి విప్పుకుంటే అమ్మతో చెప్పేది నేనే."

కమలకు ఆ సంగతి ఇన్నాళ్ళూ తెలియదు. ఆనందరావు లేచి కవరు చింపాడు. కొత్త కాగితం తీసుకుని బల్లమీదకి వంగాడు.

"కుడిచేతి డెబ్బై రెండూ తీసుకోవచ్చని రాస్తాను. ఆ మాటలో అబద్ధం లేదు. ఎడమచేతి ఎనిమిదీ వేరుగా కుట్టించి తెమ్మంటాను. మేనేజరు ఒప్పుకుంటాడో లేదో చెప్పలేను జయంత్. రెండు రకాలు ఎందుకని అనొచ్చు."

"మా బాసు కూడా ఏమంటాడో నాకు తెలీదు బావగారూ. వీసా ఈ నెల అవదనుకుంటా." జయంత్ గడియారం చూసుకున్నాడు. "ఆరైంది. అక్కడ ఎనిమిదిన్నర. శివ పక్కింటి వాళ్ళ ఫోన్ దగ్గర కూర్చుని ఉంటుంది. మంచి కబురు చెబుతానన్నాను. ఇప్పుడేం చెప్పను?"

అతని చెయ్యి రిసీవరు మీద పడి అక్కడే ఉండిపోయింది. కమల దగ్గరికెళ్ళి దాన్ని మెల్లగా తీసుకుంది. నంబరు తనే తిప్పింది.

"శివా, నేనమ్మా, వదినని. ప్రయాణం ఇప్పుడప్పుడే కుదరదు. అది నావల్లే ఆగింది. మీ ఆయన తప్పేం లేదు." ఒరల సంగతి, ఇస్హాక్ సంగతి ముందూ వెనకా కలిసిపోయేలా చెప్పింది. ఏం చెప్పిందో తనకే అర్థం కాలేదు. అవతల పిల్లవాడేదో అరుస్తున్నాడు, ఎవరో గిలక్కాయ ఆడిస్తున్నారు. తిడుతుందేమో, తిడితే బాగుండుననుకుంది.

"వదినా," అంది శివకుమారి చివరికి. గొంతు తడిగా ఉంది. "ఆయన మధ్యాహ్నం కూడా తిని ఉండరు. ఇలాంటప్పుడు తినరు. కాస్త అన్నం పెట్టండి."

కమల ఫోన్ తమ్ముడి చేతిలో పెట్టి, చీరకొంగు నోటికి అడ్డం పెట్టుకుని వంటింటి గుమ్మం దగ్గర నిలబడింది. ఎవరి కోసం ఏడుస్తోందో తెలియలేదు. హాల్లో జయంత్ గొంతు చిన్నగా వినిపిస్తోంది. "లేదు. ఇంకా లేదు. ఇప్పుడే తింటాను." తరవాత రిసీవరు పెట్టేసిన చప్పుడు.

అతను వచ్చి వంటింట్లో పీట వాల్చుకుని కూర్చున్నాడు. ఆమె వైపు చూడకుండా, కంచం ముందుకు లాక్కుని అన్నాడు.

"అక్కా, అన్నం పెట్టు."