తలరాతల బడి

ఆసుపత్రి వెనక సందులో పాడుబడ్డ మేడ ఒకటి ఉంది. దాన్ని తలరాతల బడి అంటారు. ఒకప్పుడు అక్కడ తలరాతలు మార్చే విద్య నేర్పేవారట. నేర్చుకున్నవాళ్ళు ఊరుకుంటారా? ఒకరి రాత ఒకరు దిద్దుకుంటూ, దిద్దినదాన్నే మళ్ళీ దిద్దుకుంటూ, ఆఖరికి ఒక్కరంటే ఒక్కరు మిగల్లేదు. మాస్టారుతో సహా! చీకటి పడ్డాక ఆ సందులో కుక్క కూడా అడుగు పెట్టదు. పాఠం మాత్రం ఆగలేదని... విన్నవాళ్ళు చెప్తారు.

దుప్పట్ల అక్క ఆ రాత్రి ఆ సందులోంచే వెళ్ళింది. ఆసుపత్రిలో దుప్పట్లు ఉతికి, ఆరేసి, మడతపెట్టే పని ఆవిడది. ధైర్యం ఎక్కువై వెళ్ళలేదండోయ్. పెద్ద రోడ్డు చుట్టి వెళ్ళాలంటే కాళ్ళు మొరాయించాయి, అంతే.

ఆసుపత్రి పై అంతస్తులో తమ్ముడు మంచాన ఉన్నాడు. దగ్గు... ఊపిరి అందని దగ్గు. తెల్లారేదాకా ఉంటే గొప్పేనన్నాడు డాక్టరు. వాడేమో, "ఈ దిండు రాయిలా ఉందక్కా, ఇంట్లో నా దిండు తెచ్చిపెట్టవా?" అన్నాడు. అమ్మ పోయాక చంకనెత్తుకుని పెంచిన పిల్లాడు. వాడు లేకపోతే తను ఉండి ఏం లాభం అనుకుంటూ నడుస్తోంది.

బడి తలుపు తీసి ఉంది. లోపల దీపం.

"బయటెందుకమ్మా... వచ్చి కూర్చో."

దెయ్యాల బడి అని తెలిసే లోపలికి వెళ్ళింది. చెప్పొద్దూ, పొద్దుటినుంచీ నిలబడ్డ మనిషికి బెంచీ కనిపిస్తే దెయ్యాలు కనిపించవు. కూలబడి, కాళ్ళు చాపుకుని, అప్పుడు చూసింది — ముందు వరసల్లో కూర్చున్నవాళ్ళెవరికీ నీడ లేదు. ఒక్కరూ ఇటు తిరగలేదు.

నల్లబల్ల దగ్గర మాస్టారు నీరసంగా నుదురు రుద్దుకున్నాడు. "మళ్ళీ వచ్చావా?"

అక్క చాపిన కాళ్ళు వెనక్కి లాక్కుంది. "మళ్ళీ ఏంటండీ? నేనెప్పుడొచ్చాను?"

"గడప దాటగానే మర్చిపోతారు మరి. తమ్ముడి చావు నాకు పెట్టండి, వాణ్ణి బతికించండి... అంతేగా?"

ఆవిడ సరిగ్గా అదే అడుగుదామనుకుంది.

"చావుని తుడిచెయ్యడం మాకు రాదు తల్లీ. ఒకరి దగ్గర తీసి ఇంకొకరికి పెట్టడమే వచ్చు. మొన్న నువ్వు దగ్గి దగ్గి పోబోతుంటే వాడొచ్చి ఇదే బెంచీ మీద ఏడ్చాడు. అంతకుముందు నువ్వు. దానికి ముందు వాడు. మీ ఇద్దరితో వేగలేక చస్తున్నాను!"

"మనం చచ్చి చాలా కాలమైంది మాస్టారూ," అని ముందు వరసలోంచి ఎవరో మెల్లిగా అన్నారు.

అక్కకి అప్పుడు తెలిసొచ్చింది. డాక్టర్లు చేతులెత్తేసిన తన దగ్గు రాత్రికి రాత్రే మాయమైంది. మర్నాడే తమ్ముడు మంచం ఎక్కాడు. నా దగ్గే వాడికి అంటుకుంది కాబోలని ఇన్నాళ్ళూ కుమిలిపోయింది.

"వెధవ! ఎవడు రమ్మన్నాడు వీణ్ణి ఇక్కడికి?" తిడుతూనే భోరుమంది. ఏడవడానికి కూడా ఓపిక చాలక కాసేపటికి ఆగింది.

"మాస్టారూ... ఈ తిరుగుడు ఇక మావల్ల కాదు. సగం సగం చెయ్యకూడదూ? చిన్నప్పట్నుంచీ ఏది దొరికినా మేం అలాగే పంచుకున్నాం. వాడికి సగం, నాకు సగం."

ముందు వరసల్లో తలలన్నీ ఒక్కసారి వెనక్కి తిరిగాయి.

"ఇంతవరకూ ఎవరూ అడగలేదు," అన్నాడు మాస్టారు. "సగం ఎలా పడుతుందో నా చేతుల్లో ఉండదమ్మా."

"ఎలా పడితే అలా పడనివ్వండి. ఇద్దరం ఉంటే చాలు."

సుద్దముక్కతో బల్ల మీద నిలువుగా ఒక గీత గీశాడు.

కళ్ళు తెరిచేసరికి అక్క తన ఇంట్లో ఉంది. తెల్లారింది. మర్చిపోవడం కూడా సగమే పడిందేమో, బడి సంగతంతా గుర్తుంది. పరుగున ఆసుపత్రికి వెళ్తే నర్సు నవ్వుతూ ఎదురొచ్చింది. "గండం గడిచిందక్కా! రాత్రంతా అక్కేది, అక్కేది అని చంపుకు తిన్నాడు. ఇదిగో, తెల్లారుతుంటే నిద్రపోయాడు."

పగలంతా పక్కనే కూర్చుంది. వాడు లేవలేదు. పొద్దుగూకుతుంటే వాడి రెప్పలు కదిలాయి... ఆవిడ రెప్పలు వాలిపోయాయి.

మర్నాడూ అంతే. ఆ మర్నాడూ అంతే. పగలు ఆవిడకి, రాత్రి వాడికి.

బతుకు అలాగే సర్దుకుంది. ఆవిడ పగలు దుప్పట్లు మడతపెడుతుంది. వాడు రాత్రిళ్ళు లిఫ్టులు బాగుచేస్తాడు. ఆవిడ వండి మూతపెట్టి పడుకుంటే, వాడు తిని గిన్నెలు కడిగి పెడతాడు. ఒకే ఇంట్లో ఉంటూ ఒక్క మాట లేదు. వాడి గొంతు వినాలని ప్రాణం కొట్టుకుపోయేది ఆవిడకి.

మళ్ళీ వెళ్ళి మాస్టార్ని బతిమాలదామంటే, బడి నడిచేది రాత్రిళ్ళు. ఆవిడకి రాత్రి లేదు. వాడు వెళ్ళగలడు... వెళ్తే ఏమడుగుతాడో ఆవిడకి తెలియదూ? నా రాత్రిళ్ళు కూడా అక్కకే ఇచ్చెయ్యండి అంటాడు, మొండిఘటం. ఆ భయంతోనే రోజూ పొద్దుగూకేవేళ వాడి పక్కన చేరి, చెయ్యి గట్టిగా పట్టుకుని నిద్రలోకి జారేది. తెల్లారి లేవగానే ముందు వాడి ముక్కు దగ్గర వేలు పెట్టి చూసుకునేది.

ఒకసారి ఆవిడకి హాయిగా మెలకువ వచ్చింది. ఒళ్ళు తేలిగ్గా ఉంది, ఏనాటి అలసటో తీరిపోయినట్టు. కళ్ళు తెరిచి చూస్తే కిటికీలో నక్షత్రాలు. ఎన్నాళ్ళయిందో వాటిని చూసి! పసిపిల్లలా సంబరపడిపోయింది.

"తమ్ముడూ," అంది మెల్లిగా.

అప్పుడు అర్థమైంది, రాత్రి తనకెలా వచ్చిందో.

చేతిలో వాడి చెయ్యి ఉంది. చల్లగా ఉంది. పక్కకి తిరిగి చూడటానికి ఆవిడకి చాలాసేపు ధైర్యం చాలలేదు.