కుషే ఊడదీసిన రింగులు

"దీంట్లో ఏదో పురుగు దూరినట్టుంది!" అని మొహం చిట్లించింది కుషే.

హెడ్‌ఫోన్ పెట్టుకున్నప్పటినుంచీ ఒకటే జుయ్‌మనే చప్పుడు. అవ్వ వాయించే డోంగోలోంచే వస్తోంది. చెక్కమీద వరసగా బిగించిన ఇనప పుల్లలు బొటనవేళ్లతో మీటితే ఎంత తియ్యగా పలుకుతాయో! వాటికి వదులుగా చుట్టిన ఆ పాత రేకు రింగులే అంతా పాడుచేస్తున్నాయి అనుకుంది కుషే.

అవ్వ పేరు కూడా కుషేనే. అందుకే అవ్వ మనవరాలిని "చిన్నపేరూ" అంటుంది. మనవరాలేమో "పెద్దపేరూ" అని పిలుస్తుంది. ఒకే పేరున్నవాళ్లు ఎంత ఆటపట్టించుకున్నా వాళ్ల ఊళ్లో ఎవరూ ఏమీ అనరు.

డెబే మామయ్య పట్నంలో గిటార్ వాయిస్తాడు. అవ్వ తేనెపాటని గిటార్‌తో కలిపి కొత్తగా రికార్డు చేద్దామని మైకూ లాప్‌టాపూ మోసుకొచ్చాడు. ఆ పాట మొత్తం వచ్చింది ఇప్పుడు అవ్వ ఒక్కదానికే. సాయంత్రం లారీకి మామయ్య తిరిగి వెళ్లిపోవాలి.

పెద్దవాళ్లు టీకి లేవగానే కుషే డోంగోని ఒళ్లో పెట్టుకుంది. రింగులన్నీ ఊడదీసి ఇసకలోకి విసిరేసింది. మామయ్య శభాష్ అంటాడని తెగ సంబరపడింది.

అవ్వ వచ్చి రెండుసార్లు మీటి ఆగిపోయింది.

"డెబే, తేనెటీగలేవిరా? అవి లేకుండా తేనెపాటేంటి?"

కుషే గుండె గుభేలుమంది. ఆ జుయ్‌మనే చప్పుడు తేనెటీగలదా!

"మేకలేమైనా కెలికాయా?" అన్నాడు మామయ్య.

అవునంటే సరిపోయేది. కానీ అవ్వ ఆ మూగపోయిన డోంగోనే చూస్తోంది. కుషే అవ్వ దగ్గరికి వెళ్లింది.

"నేనే, పెద్దపేరూ. పాడైందనుకుని తీసేశాను."

ముగ్గురూ ఇసకంతా వెతికారు. మేకలు తొక్కేసిన చోట రెండే రెండు దొరికాయి. మామయ్య మాటిమాటికీ వాచీ చూసుకుంటున్నాడు. కుషే వెక్కివెక్కి ఏడ్చింది.

"ఊరుకోవే! అవేమైనా మా ముత్తాతలనాటివా? చేపల డబ్బా కత్తిరించి నేనే చుట్టాను. డోంగో గొంతు చెడగొట్టానని మా అమ్మ రెండ్రోజులు తిట్టింది కూడా!" అంది అవ్వ. "పో, ఏదైనా రేకు పట్రా."

కుషే పరుగెత్తి ఖాళీ కూల్‌డ్రింక్ డబ్బా తెచ్చింది. మామయ్య కత్తిరిస్తే కుషే చుట్టింది. అవ్వ ఒక్కో పుల్లా మీటి చూసింది.

"ఇది ఇంకా నిద్రపోతోందే, చిన్నపేరూ. కాస్త వదులు చెయ్."

ఆఖరి రింగు పడగానే డోంగో జుయ్‌మంది. హమ్మయ్య! కుషేకి ఏడుపూ నవ్వూ ఒకేసారి వచ్చాయి. అవ్వ కళ్లు మూసుకుని పాట ఎత్తుకుంది. మామయ్య గిటార్ మెల్లగా ఆ వెంటే నడిచింది.

పాటంతా ఎక్కాక ముగ్గురూ లాప్‌టాప్ ముందు చేరి విన్నారు. మధ్యలో ఖళ్లుమని ఒక దగ్గు వినిపించింది. కుషే ఆ ముక్కని మాత్రం ఎంచుకుని డిలీట్ బటన్ మీద వేలు పెట్టింది. అక్కడే ఆగిపోయింది.

"పెద్దపేరూ, ఈ దగ్గు కూడా పాటలోదేనా?"

అవ్వ పొట్ట పట్టుకుని నవ్వింది.

"కాదే మొద్దూ! అది నా దగ్గే. తీసెయ్!"

అప్పుడు నొక్కింది కుషే.