ఢావ్లోలో మిగిలిన చరణం

కూతురు సోని కారు దిగి గడపలో నిలబడితే, రుక్మిణి పొయ్యి ముందు నుంచి లేవనైనా లేవలేదు. తొమ్మిదేళ్లకు ఇల్లు చేరిన కూతురు! టేకులపల్లి అవతల ఆ తండా తండా అంతా వాకిట్లో మూగింది. తల్లి మాత్రం పెనం మీద జొన్నరొట్టె తిప్పుతూనే ఉంది... మాడిపోతున్నా తిప్పుతూనే ఉంది. సాయంత్రానికే సోని వెళ్లిపోవాలి. విదేశంలో సినిమా, ఏడాది దాకా రాదు. ఈ పూట కూడా తల్లి పలకకపోతే ఇంకెప్పుడు పలుకుతుంది?

ఆ పిల్ల గొంతు గురించి ఏమని చెప్పేదమ్మా! రెండువేల సంవత్సరంలో, దానికి పదేళ్లప్పుడు, బడి పంతులు భద్రాచలంలో పాటల పోటీకి తీసుకెళ్లాడు. పాట అయిపోయాక కూడా గోదావరి గట్టున జనం కదల్లేదట. అక్కడికొచ్చిన హైదరాబాద్ పాటల బృందం వాళ్లు పిల్లను మాతో పంపమన్నారు. తండ్రి హాతీరాం సరేనన్నాడు. రుక్మిణి ససేమిరా అంది. ఆడపిల్ల ఇల్లు విడిచేది పెళ్లినాడే, అదీ ఢావ్లో పాడి... అని ఆమె పట్టు. ఢావ్లో అంటే లంబాడీ పెళ్లికూతురు తనవాళ్ల మెడలు ఒక్కొక్కరివే పట్టుకుని, ఒక్కొక్కరికో చరణం పాడే ఏడుపు పాట. తండాలో పెళ్లికూతుళ్లందరికీ అది నేర్పింది రుక్మిణే. ఆమె ఒళ్లో పడుకునే సోని దాన్ని పట్టేసింది. పిల్ల బస్సెక్కిన రోజు మాత్రం రుక్మిణి మిరపచేనులో కూర్చుండిపోయింది. సాగనంపడానికి రాలేదు.

ఆ తర్వాత పారిస్ అన్నారు, లండన్ అన్నారు, సినిమాలో హీరోయిన్ అన్నారు. తండ్రే అప్పుడప్పుడూ హైదరాబాద్ వెళ్లి చూసొచ్చేవాడు. పోయినేడు ఎవరో సీడీ తెచ్చి టీవీలో వేశారు. పెద్ద వేదిక మీద అద్దాల లంగా కట్టుకుని సోని ఢావ్లో పాడుతోంది. తండ్రి చరణం వచ్చింది, నానమ్మ చరణం వచ్చింది... తల్లి చరణం దగ్గర ఆగి తలవంచేసింది! పాట అయిపోయిందనుకుని తెల్లవాళ్లు చప్పట్లు కొట్టారు. ఏం మిగిలిపోయిందో రుక్మిణి గుండెకే తెలుసు. ఆనాటి నుంచి కూతురి ఫోనొస్తే లేచి బయటికి వెళ్లిపోయేది.

చివరికి అత్తగారు సోమ్లికే ఓపిక చచ్చింది.

"ఏందే రుక్మిణీ, రొట్టె బొగ్గయింది. ఎవరు తింటరు, నీ కోపమా?"

"నన్ను ఇడిసిపెట్టి పాడినదానికి నా రొట్టె ఎందుకత్తా?"

సోని పొయ్యి పక్కనే చతికిలపడి యాడీ అని పిలిచింది. యాడీ అంటే వాళ్ల భాషలో అమ్మ. ఆ పిలుపు ఎదురుగా విని ఎన్నేళ్లయిందో!

"యాడీ, మెడ పట్టుకోకుంట ఎవరి చరణం పాడొద్దని నువ్వే చెప్పినవ్ గదా. ఆ దినం బస్సుకాడ నాయిన మెడ పట్టుకున్న, ఈ దాదీ మెడ పట్టుకున్న. నువ్వు రాలే. గాలిని పట్టుకొని నీ చరణం ఎట్ల పాడాలె?"

రుక్మిణి చెయ్యి ఆగిపోయింది. అవును... ఏ పెళ్లికూతురికో చెప్పిన మాట అది. అప్పుడు ఒళ్లో పిల్ల నిద్రపోయిందనుకుంది!

పిండి చేతులు తుడుచుకునేలోపే సోని ఆమె మెడ చుట్టేసింది. నీ చేతి రొట్టె ఇక నాకెక్కడ దొరుకుతుంది యాడీ అని తల్లి చరణం ఎత్తుకుంటే, దేశాలన్నీ తిరిగొచ్చిన ఆ గొంతు పదేళ్ల పిల్ల గొంతులా వణికింది. రుక్మిణి భోరుమంది. ఆ ఏడుపులోనే కూతురి వీపు తట్టి, "ఆడ రాగం గట్ల లాగొద్దే... దించాలె," అని తానే అందుకుని పాడింది.

పొద్దు వాలాక సోని ఆ మాడిన రొట్టెనే అడిగి మూట కట్టించుకుంది. కారు మలుపు తిరిగినా రుక్మిణి దారి మీదే నిలబడింది. ఈసారి మిరపచేను వైపు చూడనైనా చూడలేదు.