ఇంక్విజిటర్‌కు చెప్పని పేరు

“ఈసారి ఎవర్నీ చంపక్కర్లేదురా. ఒక్క పేరు కనుక్కోవాలి. కనుక్కుని జైల్లోకి చేర్చాలి. ఇవాళ మధ్యాహ్నం లోపల.”

కంచర గాడిద నోరు తెరిచి పళ్ళు చూస్తూ అన్నాడు నూన్యో. టొలేడో సంతలో అందరికీ అతను గాడిదల బేరగాడు. ఇంక్విజిషన్, అంటే మతం తప్పారన్నవాళ్ళను శిక్షించే చర్చి న్యాయస్థానం, వేటాడే మనుషులను సరిహద్దు దాటించి ఫ్రాన్సుకు చేర్చే రహస్య దళానికి అతనే చీఫ్ అని తెలిసినవాళ్ళు తక్కువ. వాళ్ళలో ముఖ్యుడు బెల్ట్రాన్, దళంలోకెల్లా గట్టి ఏజెంట్. సన్యాసి వేషం వేస్తే ఆడవాళ్ళు పాపాలు చెప్పుకునేవారు. కసాయి వేషం వేస్తే బేరాలాడేవారు.

“ఎవరికి చేర్చాలి, బాబాయ్?” అన్నాడు బెల్ట్రాన్.

పక్కనే కళ్ళు వాచేలా ఏడుస్తున్న కుర్రవాణ్ణి చూపించాడు నూన్యో. ఫడ్రిక్, పట్టు నేసేవాడు. వాడి అక్క బ్రియాండా నెలల తరబడి ఇంక్విజిషన్ చెరలో ఉంది. వాళ్ళ ముత్తాతలు యూదులు. ఎప్పుడో బాప్తిస్మం పుచ్చుకున్నారు. అయినా అనుమానం మాత్రం వాళ్ళ ఇంటి ముందు నుంచి కదల్లేదు.

“అక్కడి తంతు నీకు తెలుసుగా,” అన్నాడు నూన్యో. “నేరమేంటో చెప్పరు. సాక్షి ఎవరో చెప్పరు. కానీ ‘వీళ్ళంతా నామీద పగబట్టినవాళ్ళు’ అని ఖైదీ పేర్లు చెప్పుకోవచ్చు. సాక్షి పేరు అందులో తగిలిందా, ఆ సాక్ష్యం చెల్లదు. తగల్లేదా, కట్టెలు పేరుస్తారు. ఆ పిల్లకి ఇవాళే ఆఖరి విచారణ. సాక్షి ఒక్కరేనని మన కబురు.”

“మా అక్కని బతికించండన్నా! అమ్మ దాన్ని చిన్నప్పుడు పావురమా అని పిలిచేది. ఆ మాట అంటే మీరు మనవాళ్ళేనని నమ్ముతుంది,” అన్నాడు ఫడ్రిక్.

కోడ్ వర్డ్ దొరికింది. మిషన్ మొదలైంది.

ఇంక్విజిటర్ అంటే వెతికేవాడు, ఆరా తీసేవాడు. రోము కాలంలో వ్యాజ్యానికి సాక్ష్యాలు పోగుచేసే మామూలు మనిషిని కూడా అలాగే పిలిచేవారు. వెనిస్‌లో రాజ్య రహస్యాలకు కాపలా కాసేవాళ్ళూ ఇంక్విజిటర్లే. చాలా కాలం తరువాత ప్రకృతి పండితులు ఒక పురుగుకూ ఒక కందిరీగకూ ఇదే పేరు పెట్టారు. పురుగు పైన్ చెట్టు బెరడు కింద బతుకుతుంది. కందిరీగ కొమ్మలో దాగిన గొంగళిపురుగును సూదితో పొడిచి వెతికి, దాని మీద గుడ్లు పెడుతుంది. పిల్లలు దాన్ని తింటూ పెరుగుతాయి. పేరు పెట్టినవారికి చరిత్ర బాగా తెలిసి ఉండాలి.

గంట తిరక్కుండానే బెల్ట్రాన్ సువాసన గ్లోవ్స్ అమ్మేవాడి వేషంలో డోన్యా మెన్సీయా మేడ మెట్లెక్కాడు.

“అంబరు వాసన గ్లోవ్స్ ఉన్నాయా?” అంది ఆమె, విసనకర్ర ఊపుతూ.

“ఎడమ చేతివి మాత్రమే ఉన్నాయి, దొరసానీ.”

కోడ్ సరిపోయింది. మెన్సీయా పనిమనిషిని బయటకు పంపేసింది. ఆమె వితంతువు. టొలేడోలో అంత అందగత్తె లేదు, అంత డబుల్ ఏజెంటూ లేదు. ఆమె అన్న ఇంక్విజిషన్ కచేరీలో గుమాస్తా. అక్కడి మాట ఇటూ ఇక్కడి మాట అటూ చేరవేస్తుంది. ఆ సంగతి ఇరుపక్షాలకూ తెలుసు. ఇద్దరికీ ఆమెతో పని ఉంది గనుక ఎవరూ నోరెత్తరు.

“నీ పిల్ల పగవాళ్ళంటూ వీధి వీధంతా చెప్పేసిందయ్యా!” అని నవ్వింది మెన్సీయా. “రొట్టెలవాడు, వాడి పెళ్ళాం, పాదిరి, ఎప్పుడో పోయిన పక్కింటి ముసల్ది కూడా! ఒక్కటీ తగల్లేదు. రాసి రాసి మా అన్నకి వేళ్ళు వాచాయి.”

“సాక్షి పేరు చెప్పండి, దొరసానీ.”

“చెప్తే నన్ను కాలుస్తారు. ఎంత అందగత్తెనైనా కాలితే బొగ్గేగా.”

“పోనీ, ఆమె ఎవరి పేరు చెప్పలేదు?”

“ఇంకెవరున్నారు? ఆ తమ్ముడేగా. తల్లి పోతే చంకనేసుకుని పెంచింది. వాణ్ణి శత్రువంటుందా…”

ఆమె విసనకర్ర ఆగిపోయింది. నోరు జారినట్టు ఆమెకు తెలిసింది. ఆమెకు తెలిసినట్టు అతనికీ తెలిసింది. ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడని మనవాళ్ళు ఊరికే అనలేదు.

“నేనేం చెప్పలేదు,” అంది.

“నేనేం వినలేదు,” అని మెట్లు దిగాడు బెల్ట్రాన్. వీధి మలుపులో తిరిగి చూస్తే బాల్కనీలో ఎర్ర శాలువ వేలాడుతోంది. ఇటు అమ్మిన సరుకు అటు కూడా అమ్మకపోతే ఆమెకు నిద్ర పట్టదు.

అక్కడి నుంచి నేరుగా ఫడ్రిక్ ఇంటికి వెళ్ళి, మగ్గం ముందు కూర్చున్నవాడి మెడ పట్టుకున్నాడు.

“ఏం చెప్పావురా వాళ్ళకి?”

ఫడ్రిక్ మొదట కాదన్నాడు. తరువాత ఒప్పుకున్నాడు. “యూదుల్లా వంటలో పందికొవ్వు వెయ్యదని చెప్పాను. వాళ్ళలాగే శుక్రవారం సాయంత్రం దుప్పట్లు మారుస్తుందని చెప్పాను. అంతే! నిజమేగా? చెప్పకపోతే ఈస్టరుకి పాపక్షమ ఇవ్వనన్నాడు పాదిరి. దానిమీద జాలి చూపిస్తామన్నారన్నా!”

“మరి మా దగ్గరికెందుకొచ్చావ్?”

“అక్క కదన్నా…”

“పద. అబద్ధమాడానని చెప్పు.”

“దొంగసాక్ష్యం అంటే నన్ను కాలుస్తారు!”

బెల్ట్రాన్‌కు వాణ్ణి అక్కడే గొంతు పిసకాలనిపించింది. అసహ్యంతో చేతులు తన చొక్కాకే తుడుచుకుని బయటకు నడిచాడు.

మధ్యాహ్నం ఎండలో ఒక గుడ్డివాడు కర్ర తాటిస్తూ ఇంక్విజిషన్ జైలు గోడ కిందికి చేరాడు. టొలేడోలో గుడ్డివాళ్ళు వీధుల వెంట ప్రార్థనలు పాడి పొట్టపోసుకుంటారు. పాట ఎంత పొడుగైనా ఎవరూ ఆపరు, ఆపితే పాపమంటారు. బెల్ట్రాన్ కళ్ళ మీద చేప పొర అంటించుకున్నాడు. లోకమంతా పాలలో ముంచినట్టు కనిపిస్తోంది. అయినా ద్వారంలోకి వెళుతున్న నల్ల అంగీ ఆనవాలు పట్టాడు. ఖైదీల తరఫున అని పేరుకు ఇంక్విజిషన్ పెట్టే వకీలు అతను. విచారణ మొదలవబోతోంది.

ఎత్తున ఉన్న కిటికీల వైపు తలెత్తి పాట అందుకున్నాడు.

“వినవే చిన్ని పావురమా, హేబెలు కథ వినవే,
ఊరిలో పగవాడు లేడమ్మా, ఊయల తోడే పగవాడు,
కయీను పేరు తలచినవారికి కలుగును ప్రాణభిక్ష.”

బైబిల్లో హేబెలును చంపింది తోడబుట్టిన కయీనే, ఆ కథ తెలియనివాళ్ళు ఆ ఊళ్ళో లేరు. మళ్ళీ పాడాడు, ఇంకా గట్టిగా. ఏ గదిలో ఉందో, వింటోందో లేదో తెలియదు. విన్నా నమ్ముతుందా? చంకనెత్తుకుని పెంచిన చేతులతో తమ్ముణ్ణి శత్రువని చూపించగలదా? ఆ పని తనకే అయితే చేతనయ్యేది కాదని బెల్ట్రాన్‌కు తెలుసు.

వీధి చివర బూట్ల చప్పుడు వినిపించింది. ఎర్ర శాలువ తన పని చేసింది.

“వీడేనా?”

“గోడ కింద ఉన్నది వీడొక్కడేగా!”

పారిపోవచ్చు. కర్రలో కత్తి కూడా ఉంది. కానీ పరిగెత్తిన గుడ్డివాణ్ణి చూస్తే లోపలున్నవాళ్ళు పాటకు అర్థం వెతుకుతారు. బెల్ట్రాన్ కదల్లేదు. మొదటి దెబ్బ పడేదాకా పాడుతూనే ఉన్నాడు, పడ్డాక కూడా కాసేపు పాడాడు.

దెబ్బలు కొట్టి కొట్టి వాళ్ళే విసిగిపోయారు. ప్రార్థన పాడిన గుడ్డివాడి మీద ఏ నేరం మోపాలో వాళ్ళకు తోచలేదు. వదిలేశారు. అప్పటికి అతని ఎడమ కన్ను నిజంగానే పోయింది.

శిక్షలు చదివిన మరునాడు బ్రియాండా నగరద్వారం దాటి బయటకు వచ్చింది. ఒంటి మీద అనుమానితులకు తొడిగే పసుపుపచ్చ గుడ్డ, నగర బహిష్కరణ, ప్రాణం మాత్రం దక్కింది. జుట్టంతా నెరిసిపోయింది. వంతెన మీద గాడిదతో నిలబడ్డ ఒంటికన్ను మనిషిని చూసి ఆగింది.

“పాడింది నువ్వేనా, అన్నా?”

“నేనే, తల్లీ.”

“వకీలు లేచాడు. తలుపు దాకా వెళ్ళాడు. అప్పుడు పిలిచాను.” ఆమె గాడిద మెడ మీద చెయ్యి వేసింది. “ఆ రెండు ముక్కలు చెప్పడం కన్నా కట్టెలెక్కడమే తేలికనిపించింది.”

వెనక నుంచి ఎవరో పరిగెత్తుకొచ్చారు. ఫడ్రిక్. చంకలో మూట, మొహం నిండా కన్నీళ్ళు. మెన్సీయా వాడికి కూడా సరుకు అమ్మినట్టుంది.

“అక్కా! లోపల నన్ను శత్రువన్నావట! నన్నా? నేనేం చేశానని?”

బెల్ట్రాన్ చెయ్యి కర్ర మీదకు పోయింది. బ్రియాండా అతన్ని కళ్ళతోనే ఆపి, తమ్ముడి చంకలోని మూట అందుకుంది. కొంగుతో వాడి మొహం తుడిచింది.

“ఏం చెయ్యనురా,” అంది. “మిగతా పేర్లన్నీ అయిపోయాయి.”