అడ్జస్ట్ నేర్చిన బస్సు

విజయనగరం బస్టాండులో డ్రైవరూ కండక్టరూ లేని కొత్త బస్సు ఒకటి తన అద్దాలను తానే సవరించుకుంటోంది. అద్దాలయ్యాక సీట్లు వెనక్కి వాల్చింది. ఆ తర్వాత ఏసీ తగ్గించింది. ఇంతకీ జరిగిందేమిటంటే, చంటిబిడ్డతో ఎక్కిన ఒకావిడ "కొంచెం అడ్జస్ట్ అవ్వండి" అంది. బస్సు వెంటనే తనలోని నిఘంటువు చూసుకుంది. "సరిచేయుట, సవరించుట, పొందికగా అమర్చుట" అని ఉంది. కనపడినవన్నీ శ్రద్ధగా సరిచేసింది. తల్లి మాత్రం నిలబడే ఉంది. అలాంటివారికి సీటు దొరికేదాకా కదలకూడదని నియమం కాబట్టి బస్సూ నిలబడే ఉంది.

పాతరోజుల్లో కండక్టరు ఇదే మాట ఒక్కసారి అనేవాడు, ఎవరో ఒకరు లేచేవారు. ఆ ఒక్క మాటను యంత్రానికి నేర్పడానికి డాక్టర్ వకుళకు మూడేళ్లు పట్టింది.

ఆమె కనిపెట్టిన యంత్రం పేరు అర్థగ్రాహి. చూడ్డానికి టిఫిన్ డబ్బా అంత ఉంటుంది. అది చేసే పని మాత్రం మహా గొప్పది! ఏ పిల్లాడూ నిఘంటువు తెరిచి మాటలు నేర్చుకోడు కదా. ఎవరు అన్నారు, ఎవరితో అన్నారు, అన్నాక ఏం జరిగింది అని చూసి నేర్చుకుంటాడు. అర్థగ్రాహి కూడా అంతే. బస్సుల్లో, వంటిళ్లలో, ఆఫీసుల్లో జనం ఒప్పుకుని ఇచ్చిన లక్షల సంభాషణలు విని, ఒక్క 'అడ్జస్ట్'కే అరవై మూడు అర్థాలు పట్టుకుంది. ముగ్గురి సీట్లో నలుగురు కూర్చోవడం ఒకటి. ఉప్పు తక్కువైన కూర నోరు మూసుకుని తినడం ఒకటి. ఆదివారం కూడా డ్యూటీకి రావడం ఇంకొకటి. ఆ జాబితా చూసిన రోజున నలభై ఐదేళ్ల వకుళ చిన్నపిల్లలా గెంతింది.

అధికారులు ఆ బస్సులో యంత్రం పెట్టి ముప్పై రోజుల పరీక్ష పెట్టారు. సీటు గొడవతో ఏ స్టాపులోనైనా నిమిషం దాటి ఆగిందా, ప్రయోగం రద్దు. ఆగలేదా, మూడు వందల బస్సులకు ఇదే యంత్రం.

మొదటి వారం వకుళ సెకన్లు లెక్కపెడుతూ గడిపింది. పేపరు చదివే పెద్దమనిషిని బస్సు అడిగితే ఆయన పేజీ తిప్పాడు. చెవుల్లో పాటలు పెట్టుకున్న కుర్రాళ్లను అడిగితే కిటికీలోంచి కొండలు చూశారు. యాభై సెకన్లు, యాభై ఐదు సెకన్లు గడిచాక ఎవరో ఒకరు లేచేవారు. పదో రోజు నుంచి ఏం మాయ జరిగిందో గాని నాలుగు సెకన్లకు మించి బస్సు ఎక్కడా ఆగలేదు. రోజూ అంకెలు చూసుకుని వకుళ పొంగిపోయింది. యంత్రం మనిషిని మించిపోయిందని కనపడిన వాళ్లందరికీ చెప్పింది.

ముప్పయ్యో రోజు ఆమే స్వయంగా బస్సెక్కి, సీట్లన్నీ నిండిపోవడంతో నిలబడింది. పరిశీలన అధికారి ముందు సీట్లో కూర్చున్నాడు. రెండో స్టాపులో ఒక ముసలాయన ఎక్కగానే బస్సు, ఒక పాసు మీది పేరు చూసుకుని, తీయగా పలికింది.

"పైడమ్మ గారూ, కొంచెం అడ్జస్ట్ అవ్వండి."

యాభై దాటిన ఒకామె మోకాళ్ల మీద చేతులు ఆనించి లేచింది. విశాఖలో ఒక హాస్టల్లో వంటమనిషి. వకుళకు అనుమానం వచ్చి చేతిలోని తెర మీద లెక్క చూసింది. పదో రోజు నుంచి ఈ ట్రిప్పులో లేచింది ప్రతిసారీ పైడమ్మే. అర్థగ్రాహిని అర్థం చెప్పమని అడిగింది. తెర మీద అరవై నాలుగో అర్థం వచ్చింది: 'కాదనలేని మనిషితో అనే మాట.'

వకుళ మొహం మాడిపోయింది. మెల్లగా పైడమ్మ పక్కకు వెళ్లి, రోజూ మీరే ఎందుకు లేస్తున్నారని అడిగింది.

"పేరెట్టి గారూ అని పిలుస్తాది కదమ్మా. ఎవులు పిలుస్తారు నన్నలాగ? కాదంతే బాగోదు," అంది పైడమ్మ. మోకాళ్లు వాచిపోతున్నాయనీ, సీటు కోసమే మొదటి స్టాపుకు వచ్చి ఎక్కుతున్నాననీ కూడా చెప్పింది. ముసలాయన దిగిపోవడంతో మళ్లీ కూర్చుంది. ఇక బస్సు ఎన్నిసార్లు పిలిచినా లేవవద్దని వకుళ గట్టిగా చెప్పింది. పైడమ్మ సరేనంది.

విశాఖ రోడ్డెక్కే ముందు ఊరి పొలిమేరలో ఆఖరి స్టాపు. నిండు గర్భిణి ఒకామె ఎక్కింది. బస్సు పైడమ్మను పిలిచింది. పైడమ్మ తల వంచుకుని, చీర చెంగు నలుపుకుంటూ, జీవితంలో మొదటిసారి కదలకుండా కూర్చుంది. బస్సు మళ్లీ పిలిచింది. మిగతా ముప్పై తొమ్మిది మందీ కిటికీల్లోంచి బయటికి చూశారు. నలభై సెకన్లు. అధికారి గడియారం చూసుకున్నాడు. యాభై. మూడేళ్ల కష్టం పది సెకన్లలో పోతుంది.

వకుళ పైడమ్మ భుజం మీద చెయ్యి వేసింది.

"పైడమ్మ గారూ, ఈ ఒక్కసారికి అడ్జస్ట్ అవ్వండి."

పైడమ్మ ఆమె వంక ఒక్క క్షణం చూసి, మోకాళ్ల మీద చేతులు ఆనించి లేచింది. బస్సు కదిలింది. అధికారి వెనక్కి తిరిగి చప్పట్లు కొట్టాడు.

నెల తిరగకుండా మూడు వందల బస్సులు రోడ్డెక్కాయి. ఒక్కటీ ఎక్కడా ఆగడం లేదు. వారం లోపే ప్రతి బస్సూ తన పైడమ్మను వెతికి పట్టుకుంది.