నారప్ప గొంతు

ఈరేష్ శవం బళ్లారి జిల్లా కూరెకుప్ప ఊరు దాటాక, ఇనుప ఖనిజం లారీలు తిరిగే రోడ్డు పక్కన దొరికింది. ఒళ్లంతా ఎర్ర దుమ్ము. మెడ మీద మాత్రం సన్నటి సూది గుర్తు. పోలీసులు లారీ యాక్సిడెంట్ అనుకుంటున్నారు. లారీ క్లీనర్ వేషంలో గుంపులో నిలబడి చూసిన గూఢచారి హంపేశ్ వెనక్కి తిరిగాడు.

ఈరేష్ సౌండ్ ఇంజనీర్. పల్లెల్లో జనం మాటలు రికార్డు చేసే 'దక్కన్ వాయిస్ ట్రస్ట్' అనే విదేశీ సంస్థలో పనిచేస్తూ, హంపేశ్‌కు రహస్యంగా సమాచారం అందించేవాడు. చివరిగా పంపింది ఒక వాయిస్ క్లిప్. అందులో ఒక ముసలి రైతు కన్నడ భాషను, కన్నడ జెండాను, కన్నడ ఆడవాళ్లను వినరాని బూతులు తిడుతున్నాడు. తెలుగులో.

ఇయర్‌పీస్‌లో ఢిల్లీ నుంచి చీఫ్ పలికాడు.

"ఎవరిదా గొంతు?"

"మోక ఊళ్లో నారప్ప అని, కాలువ రైతుల పెద్ద, సార్. రెండు భాషలవాళ్లూ ఆయన మాట వింటారు. ఆయన ఇలా మాట్లాడే మనిషి కాదు. వాయిస్ క్లోనింగ్."

"టార్గెట్?"

"రేపు కన్నడ రాజ్యోత్సవం. బళ్లారి గ్రౌండ్‌లో వేలమంది ఉంటారు. ఇది విన్నారంటే ముందు ఇక్కడ తెలుగువాళ్ల ఇళ్లు తగలబడతాయి. తర్వాత సరిహద్దు అవతల కన్నడ బస్సులు."

"ట్రస్ట్ డైరెక్టర్ వార్డెల్‌కు డిప్లొమాటిక్ కవర్ ఉంది, ముట్టుకోలేం. క్లిప్ ఆపు. లోపల మన ఏజెంట్ ఉంది. కోడ్ ఉగ్గాని."

బస్టాండు ఎదుట హోటల్లో, నల్లద్దాలు పెట్టుకున్న ఒక అందగత్తె ఒంటరిగా కాఫీ తాగుతోంది. హంపేశ్ ఎదురు కుర్చీలో కూర్చున్నాడు.

"ఈడ ఉగ్గాని బాగుంటాదా?"

"బజ్జీ మండితేనే."

కోడ్ సరిపోయింది. ఆమె సౌందర్య. ట్రస్ట్‌లో ప్రోగ్రామ్ హెడ్. రేపటి వేదిక మీద యాంకర్ కూడా.

"జెండా ఎగరగానే అన్ని ఫోన్లకూ ఒకేసారి పంపుతారు" అంది గొంతు తగ్గించి. "జామర్ ఉంటే చాలు."

"ఈరేష్‌ను ఎవరు చంపారు?"

"వార్డెల్ మనుషులు." ఆమె కప్పు కింద పెట్టింది. "హంపేశ్, నీది ఏ భాష?"

"ఇంట్లో తెలుగు. బళ్లో కన్నడ. ఏం?"

"బెంగళూరులో నన్ను తెలుగుదానా అంటారు. హైదరాబాదుకు పోతే కన్నడదానా అంటారు. మనిషికో భాష అని జనాన్ని లెక్కగట్టిన దొరలు మాత్రం హాయిగా ఓడెక్కి పోయినారు."

ఆ మాట హంపేశ్ గుండెలో గుచ్చుకుంది. అతనూ అవే మాటలు పడ్డవాడు. అందుకే ఆమెను నమ్మాడు.

మధ్యాహ్నం మోకలో నారప్పకు క్లిప్ వినిపించాడు. ముసలాయన ముఖం పాలిపోయింది.

"నేనెప్పుడు అన్యానప్పా ఇట్ల? గొంతు నాదే ఉండాది. నాకే నమ్మబుద్ధి అవుతాండాది గదప్పా!"

"మీ మాటలు ఎవరన్నా రికార్డు చేసుకున్నారా?"

"ట్రస్టాయమ్మ వచ్చినాది. పాత సంగతులు చెప్పమన్యాది. చెప్తి. మా తాతను జనాల లెక్క రాసుకునే దొర అడిగినాడంట, నీ భాష ఏందిరా అని. ఇంట్లో ఒకటి, సంతలో ఒకటి దొరా అన్యాడంట. కాదు, ఒకటే చెప్పల్ల అన్యాడంట దొర. తాత చెప్పలేకపోయినాడు. ఆఖరికి దొర పక్కనున్న గుమాస్తా తనకు తోచింది రాసుకున్యాడంట."

నారప్ప నవ్వబోయాడు. నవ్వు రాలేదు. ఇక్కడుంటే ప్రమాదమని హంపేశ్ ఆయన్ను జీపులో ఎక్కించుకున్నాడు.

మర్నాడు ఉదయం గ్రౌండ్ నిండా పసుపు, ఎరుపు జెండాలు. మైక్ సెట్టు కుర్రాడిలా ఖాకీ చొక్కా వేసుకుని వేదిక వెనక చేరాడు హంపేశ్. పవర్‌బ్యాంక్ ఆకారంలో ఉన్న జామర్ ఆన్ చేశాడు. ఫోన్లన్నీ చచ్చిపోయాయి. జెండా ఎగిరింది. చప్పట్లు మోగాయి. అతను ఊపిరి పీల్చుకున్నాడు.

అంతలో నాలుగు దిక్కులా పెద్ద స్పీకర్లు గరగరలాడాయి. నారప్ప గొంతు!

హంపేశ్ తలతిప్పి చూశాడు. మిక్సర్ దగ్గర పట్టుచీరలో సౌందర్య. మిక్సర్‌కు గుచ్చిన పెన్‌డ్రైవ్ మీద ఆమె వేలు. ఫోన్ల సంగతంతా అబద్ధం. ఆమె వాళ్ల మనిషి.

మొదటి బూతుకు గ్రౌండ్ నిశ్శబ్దమైంది. రెండోదానికి గుర్రుమంది. "మోక నారప్పంతె!" అని గొంతు గుర్తుపట్టి ఎవరో కన్నడలో అరిచారు. వైరు పీకితే గొంతు ఆగుతుంది. కోపం ఆగదు. హంపేశ్ నారప్ప కూర్చున్న జీపు దగ్గరికి పరుగెత్తాడు.

"పెద్దాయనా, స్టేజీ ఎక్కల్ల. ఏం జరిగినా నోరు తెరవద్దు."

"చంపుతారేమోప్పా."

"చంపొచ్చు." అబద్ధం చెప్పడానికి హంపేశ్‌కు నోరు రాలేదు.

నారప్ప పైపంచె సర్దుకుని స్టేజీ మెట్లెక్కాడు.

జనం ఆయన్ను చూశారు. ఒక రాయి వచ్చి కనుబొమ్మ మీద తగిలింది. రక్తం కారింది. స్పీకర్లలో ఆయన గొంతు తిడుతూనే ఉంది. ఆయన పెదాలు బిగించి, చేతులు జోడించి నిలబడ్డాడు. కింద హంపేశ్ స్పీకర్ల వైరు దగ్గరికి చేరాడు. ఇంకో రాయి లేస్తే ఈ ప్రాణం తన ఖాతాలోనే.

ముందు వరసలో ఒక ఆడమనిషి కేక వేసింది. "ఏయ్, ఇవర బాయి ముచ్చైతల్లో!"

"అవునప్పా! నోరు మూసుకోనే ఉండాడు! మరి మాట్లాడేదెవురు?" ఇంకో మూల నుంచి ఎవరో అందుకున్నారు.

లేచిన చేతులు గాలిలోనే ఆగాయి. అప్పుడు పీకాడు హంపేశ్ వైరు.

సౌందర్య జనంలోకి జారబోయింది. అతను మణికట్టు పట్టుకోగానే ఆమె ఉంగరంలోంచి సూది బయటికొచ్చి మెరిసింది. ఈరేష్ మెడ గుర్తొచ్చింది. వేలు విరిచి ఉంగరం లాగేశాడు.

"నిన్న హోటల్లో చెప్పిందీ అబద్ధమేనా?"

"అది నిజమే." ఆమె నొప్పితో పళ్లు బిగించింది. "అక్కడా ఇక్కడా నేను పరాయిదాన్నే హంపేశ్. వార్డెల్ ఒక్కడే నన్ను ఏ భాషని అడగలేదు."

హంపేశ్ ఆమె మణికట్టు వదల్లేదు. ఆ నిజంతోనే ఆమె ఈరేష్‌ను చంపింది.

సాయంత్రానికి వార్డెల్ విమానం ఎక్కేశాడు. పోతూ పోతూ, రెండు భాషలన్నా తనకు ప్రాణమని ఇంగ్లిష్‌లో ఒక ప్రకటన ఇచ్చాడు.

ఆస్పత్రి బెంచీ మీద, నుదుటికి కట్టుతో కూర్చున్న నారప్ప అడిగాడు.

"నా గొంతు ఇంగా వాళ్లకాడే ఉండాది గదప్పా?"

"ఉండాది."

"అయితే ఇంగ మీద నేను మాట్లాడింది నేనే మాట్లాడినానని యావురు నమ్ముతారు?"

ముసలాయనే అతని భుజం తట్టాడు.

"పోనీలేప్పా. మా ఇంటామె ముందు నుంచీ నా మాట నమ్మేది లేదు."